గుడ్డి దీపం వెలుతురులో

అమెరికాలోని న్యూహాంప్‌షైర్‌లో హైస్కూలు చదువుతున్నప్పుడే రాబర్ట్ ఎగ్గర్స్ ఒక నాటకం వేశాడు. 1922 నాటి జర్మన్ మూకీ చిత్రం ‘నాస్ఫెరాటు’ దానికి ఆధారం. అది చూసిన ఒక స్థానిక నాటకశాల నిర్వాహకుడు తమ వేదిక మీద కూడా ఆడమని పిలిచాడు. దర్శకుణ్ణి కావాలన్న పట్టుదల అక్కడే గట్టిపడిందంటాడు ఎగ్గర్స్. తర్వాత న్యూయార్క్ చేరి నటన నేర్చుకున్నాడు. పొట్ట పోసుకున్నది మాత్రం సెట్లు, దుస్తులు రూపొందించి.

వేషాన్నీ అలంకరణనూ రంగసామగ్రినీ మన నాట్యశాస్త్రం ఆహార్యం అంది, అభినయంలో భాగమేనంది. ఎగ్గర్స్ సినిమాల్లో భయానక రసం పండేది ముందుగా ఈ ఆహార్యం వల్లేనని నా నమ్మకం.

అతని తొలి చిత్రం ‘ది విచ్’ 1630ల నాటి న్యూ ఇంగ్లండ్ కథ. వెలికి గురైన ఒక కుటుంబం అడవి అంచున ఇల్లు కట్టుకుంటుంది. చిత్రీకరణ కెనడాలోని ఒంటారియోలో జరిగింది. ఆ ఇంటి కోసం పూరికప్పు వేసే పనివాణ్ణి వర్జీనియా నుంచి, వడ్రంగిని మసాచుసెట్స్ నుంచి రప్పించారు. ఆరుబయట మబ్బు పట్టిన పగటి వెలుతురు, ఇంట్లో కొవ్వొత్తులు, అంతే. సంభాషణల్లో చాలా భాగం ఆ కాలపు దినచర్యల నుంచి, కోర్టు కాగితాల నుంచి తీసుకున్నవే.

ఇంత పట్టింపు ఎందుకంటే, మంత్రగత్తె ఉందని ప్రేక్షకుడు ఊరికే నమ్మడు. ముందు ఆ ఇంటిని నమ్మాలి. తెగులు పట్టిన మొక్కజొన్న చేను, తండ్రి గొడ్డలి దెబ్బ, తల్లి ప్రార్థన, ఇవన్నీ నిజమనిపిస్తే నల్ల మేకపోతు చూపు కూడా వణికిస్తుంది.

పెద్ద కూతురు పసివాడితో దోబూచులాడే దృశ్యం చూడండి. చేతులతో కళ్లు మూసుకుంటుంది, తీస్తుంది, బిడ్డ నవ్వుతాడు. మళ్లీ మూసుకుంటుంది. చివరిసారి తీసేసరికి బిడ్డ లేడు. గ్రాఫిక్స్ అక్కర్లేదు, నెత్తురు చుక్క అక్కర్లేదు. చూపించేదాన్ని ఆపి చూపించడం నాటకం ఏనాడో పట్టుకున్న కిటుకు.

దాదాపు 40 లక్షల డాలర్లతో తీసిన ఆ సినిమాకు 2015 సన్‌డాన్స్ ఉత్సవంలో ఉత్తమ దర్శకత్వ బహుమతి వచ్చింది. 2019లో ‘ది లైట్‌హౌస్’ కోసం నోవా స్కోషియా తీరంలో 70 అడుగుల దీపస్తంభాన్నే కట్టించాడు. నలుపు తెలుపుల్లో, దాదాపు చదరంగా ఉండే ఆ ఫ్రేములో కనిపించేది చాలావరకు ఇద్దరు నటులే. ఇరుకు వేదిక మీద నాటకం చూస్తున్నట్టే ఉంటుంది. హైస్కూల్లో ఆడిన ‘నాస్ఫెరాటు’ను 2024 క్రిస్మస్ నాడు సినిమాగా విడుదల చేశాడు.

దయ్యం కథతో షార్ట్ ఫిల్మ్ తీయాలనుకునే మన కుర్రకారుకు ఒక్క మాట. కెమెరా అద్దెకు తెచ్చుకునే ముందు మీ ఊళ్లో ఆడే ఒక్క నాటకానికైనా తెర వెనక పనిచేయండి. సెట్టు మోయండి, లైట్లు పట్టండి, చీకట్లో కూర్చున్న జనం ఎక్కడ ఊపిరి బిగబడతారో చెవి ఒగ్గి వినండి.