పౌరుషము

పౌరుషమను మాట తెనాలి ప్రాంతమున నేటికిని నిత్యవ్యవహారములో ఉన్నది. మా ఊరు అంగలకుదురు రచ్చబండకడ గాని, గుంటూరు పోవు రైలులో గాని, పొలము గట్టున గాని నలుగురు కూడి మాటలాడుకొనునపుడు చెవియొగ్గి విన్నచో, గట్టు జరిపినవానిని గూర్చియో, మాట తప్పిన వియ్యంకుని గూర్చియో, చదువు మానిన కుమారుని గూర్చియో ప్రసంగము వచ్చినంతనే ఈ శబ్దము తప్పక దొర్లును. "వాడికి పౌరుషం లేదండీ" అని ఒకరు నిట్టూర్తురు. "ఆ కాస్త పౌరుషమన్నా లేకపోతే ఎట్టా బతుకుతాం" అని మరియొకరు అందుకొందురు. తెలుగు చెప్పుటయే వృత్తిగా నా జీవితము గడచినది. విశ్రాంతి దొరకిన తరువాత, బయట విన్న మాట నొకదానిని ఇంటికి తెచ్చుకొని, నిఘంటువులు ముందు వేసికొని, అది ఎచట పుట్టి ఏ త్రోవను నడచి మా ఊరి నోట ఈ రూపున నిలిచినదో విచారించుట నాకు అలవాటైనది. ఈ వారము పౌరుషమును ముందు పెట్టుకొంటిని. విచారించిన కొలదిని, ఈ శబ్దమునకు మన కాలమున గొప్ప అన్యాయము జరుగుచున్నదను భావము నాలో దృఢపడినది.

పురుషశబ్దమునుండి పుట్టినది గనుక పురుషుని భావమైనను, పురుషుని కర్మమైనను పౌరుషమే యగునని వైయాకరణులు చెప్పుదురు. అమరసింహుడు తన అమరకోశమందలి మనుష్యవర్గమున దీనికి చెప్పిన అర్థము మాత్రము నేటివారికి వింతగా తోచును. మనుష్యుడు నిటారుగా నిలిచి, చేతులు రెండును పైకెత్తి, వ్రేళ్లు చాచినచో అరికాలు మొదలు వ్రేలికొన వరకు ఎంత పొడవగునో ఆ కొలతకు పౌరుషమని పేరు. నూతి లోతును, ఏటి లోతును చెప్పుటకు మనవారు వాడెడి 'నిలువు' అను మాటకు ఇది దగ్గర చుట్టమే గాని, రెంటికిని నడుమ ఉన్న భేదము నాకు ఎంతో ప్రియమైనది: నిలువనునది మనిషి ఉన్నంత ఎత్తు, పౌరుషమనునది మనిషి చేయి చాచి అందుకొనగలిగినంత ఎత్తు. బడిలో అమరము చెప్పుచు ఈ ఘట్టమునకు వచ్చినపుడు పిల్లలను లేవనెత్తి, గోడకు ఆనించి నిలిపి, చేతులెత్తించి, వ్రేలికొనకు సరిగా సుద్దతో గీత గీయించెడివాడను. ఆడపిల్లలును చేతులెత్తెడివారు, వారి గీతలును ఆ గోడమీదనే పడెడివి. వారిలో ఎవ్వరికిని ఇది తమ మాట కాదను శంక కలుగలేదు.

కలుగవలసిన అవసరమును లేదు. వేదమును అపౌరుషేయమని మన పూర్వులు చెప్పినపుడు దానిని మనుష్యమాత్రులెవ్వరును రచింపలేదని భావించిరే గాని, మగవారు రచింపలేదని మాత్రమే చెప్పదలచినవారు కారు. ఆ సమాసమున పౌరుషేయమనగా మనుష్యకృతము. భారతమునందును, యోగవాసిష్ఠమునందును దైవమునకు ఎదురుగా నిలిపి చర్చింపబడిన పౌరుషమును ఇట్టిదే: విధి తనపాటికి తాను నడచుచుండగా మనిషి తన బుద్ధితోను, బాహువులతోను చేయదగిన ప్రయత్నము. భట్టనారాయణుడు వేణీసంహారమున కర్ణునిచేత, ఏ కులమున పుట్టుటయో అది దైవము చేతిలోనిదనియు పౌరుషము మాత్రము తన చేతిలోనిదనియు పలికించినపుడు, ఆ వీరుడు మీసమును గూర్చి మాటలాడలేదు. పుట్టుకతో తనకు రాని గౌరవమును పనిచేసి సంపాదించుకొందునని మాత్రమే చెప్పినాడు.

ఈ అర్థమునకు ఉదాహరణము కావలసినచో మా కృష్ణా డెల్టాను మించినది నాకు కనబడదు. నందననామ సంవత్సరమున, అనగా 1832-33లో, గుంటూరు సీమకు వచ్చిన కరువును జనులు డొక్కల కరువని పిలిచిరి. ఎండిన డొక్కలు తప్ప మరేమియు కనబడని కాలమది. లక్షకు మించి జనము ఆకలిచే నశించిరి. ఆ దినములలో కృష్ణ ఎండలేదు; బెజవాడ కొండల నడుమనుండి యథాప్రకారము సముద్రమునకు పోవుచునే ఉన్నది, నీటిని చేలకు మరల్చు కట్ట మాత్రము లేదు. కాటన్ దొర ప్రోత్సాహమున, కెప్టెన్ ఓర్ నిర్వహణమున బెజవాడకడ ఆనకట్ట పని 1852లో ఆరంభమై 1855 నాటికి ముగిసినది. దాదాపు నూరేండ్లు నీరిచ్చిన ఆ ఆనకట్టకు 1952లో గండి పడగా, 1957 నాటికి ప్రకాశము బ్యారేజి లేచినది. ఇంజనీర్ల పేర్లు మనకు తెలియును. మన్ను త్రవ్వినవారి పేర్లు, తట్టలెత్తినవారి పేర్లు ఏ శిలాఫలకముననూ లేవు. అయినను అంగలకుదురు చేలకు నేడు బోదె వెంట నీరు పారుచున్నదన్నచో అది వానదేవుని దయవలన మాత్రమే కాదు, ఆ పేరులేని చేతుల పౌరుషమువలన. శబ్దమునకున్న మొదటి అర్థమును నేనిట్లు వాడినపుడు మా ఊరివారే కొందరు ఆశ్చర్యపడుదురు, కాలువ త్రవ్వుటలో పౌరుషమేమిటని.

వారి ఆశ్చర్యమునకు కారణము తెలుగులో ఈ మాటకు పట్టిన గతియే. మన నుడికారమున పౌరుషము పొడుచుకొని వచ్చును. ఒకడు దానిని చంపుకొనును, మరియొకడు దానికి పోవును. 'పౌరుషానికి పోయి' అని ఆరంభమైన వాక్యము మా ప్రాంతమున ఎట్లు ముగియునో అందరికిని తెలిసినదే: జానెడు గట్టుకొరకు అన్నదమ్ములు తెనాలి కోర్టుమెట్లెక్కి, వకీళ్ల ఫీజులకు ఎకరమమ్ముకొని, తండ్రి దినమునాడు కూడ పలుకరించుకొనక చెరియొక పంక్తిని కూర్చుండుట. ఉప్పూకారమూ తినువాని కెల్ల ఇట్టి పౌరుషముండవలెనని ఎగదోయువారును ఉందురు. నిజమునకు దీనికి మన భాషలో రోషమని వేరొక పేరున్నది, పంతమని మరియొక పేరున్నది. రోషము ఇతరులు అన్న మాటవలన పుట్టును, పంతము ఇతరులను ఓడించుటతో తీరును. పౌరుషమునకు ఎదుట మరియొకరు ఉండవలసిన పనియే లేదు. ఈ మూడింటిని కలిపివేయుటవలన మనము ఒక గొప్ప గుణమును పేరులేనిదానిగా చేసికొనుచున్నాము.

మగతనముతో దీనిని ముడివేయుట మరియొక అన్యాయము. మగతనము, మగటిమి, మగసిరి అను అచ్చతెలుగు మాటలు మనకు సమృద్ధిగా ఉన్నవి. శరీరబలమును, యౌవనపు నిండుదనమును చెప్పవలసినచో అవి చాలును. పౌరుషమును గూడ ఆ గుంపున చేర్చి, అది లేనివానిని గాజులు తొడిగించుకొమ్మనుట, చీర కట్టుకొమ్మనుట నేటికిని మన నోళ్ల వెడలుచున్నది. దీని వెనుక ఒక ప్రాచీనగాథ ఉన్నది. పదుమూడవ శతాబ్దమున నెల్లూరు మనుమసిద్ధి కొలువున ఖడ్గతిక్కన సేనాని. పసుల మేపునకు చెల్లింపవలసిన పుల్లరి విషయమున కాటమరాజుతో యుద్ధము రాగా, అందు వెనుదిరిగి ఇంటికి వచ్చిన తిక్కనకు భార్య చానమ్మ స్నానపు తావున మంచము అడ్డుపెట్టి, పసుపుముద్ద ఉంచినదనియు, తల్లి ప్రోలమ్మ అన్నములో విరిగిన పాలు పోసి, నీవలె పాలును విరిగినవని చెప్పినదనియు, అతడు మరల రణమునకు పోయి ప్రాణములు విడిచెననియు కథ. బాల్యమునుండి ఈ కథను మనము ఒడలు పులకరింప వినుచునే ఉన్నాము. నేను దీనిని పాఠముగా చెప్పిన ప్రతిసారియు నన్ను నిలువరించిన విషయమొకటి కలదు: ఆ యింటిలో భయమెరుగని వారు ఇద్దరు, ఆ ఇద్దరును స్త్రీలు. పసుపు పూసికొను చేయియే ఆ పసుపును భీరుత్వమునకు గుర్తుగా పెట్టినది. భర్త మరణమునకైనను వెరవక అతనిని మరలించిన ఆ ఇల్లాలికి, తన గుణమునకు పేరు తనదిగా చెప్పుకొను వీలు భాష ఇవ్వలేదు. ఇది నాకు దుఃఖకరముగానే తోచును.

అయినను జనుల నోట భాష నిఘంటువు కంటె న్యాయముగా నడచుచున్నదని నేను ధైర్యముగా చెప్పగలను. "ఆవిడ పౌరుషం గల మనిషి" అనుట మా ఊరిలో సర్వసాధారణము. నాకు వరుసకు చెల్లెలగు ఒక యామె, పెనిమిటి పోయిన తరువాత రెండెకరములు కౌలునకు చేయుచున్నది. కోసిన వరి పనలమీద ఉండగా తుఫాను వచ్చి చేనంతయు మోకాలి లోతున మునిగినది. ఆమె కూలీలతో పాటు దిగి, కాలువకు గండి కొట్టి నీరు తీయించి, పనలను గట్టున పరచి, గింజ మొలకెత్తకుండ ఉప్పునీరు చల్లి, తిరుగవేసి, దక్కినంత దక్కించుకొనినది. తరువాత వేసిన మినుము పల్లాకు తెగులుచే పోగా, దున్ని మొక్కజొన్న పెట్టినది. "ఇంత నష్టమైంది గదా చెల్లెమ్మా, వచ్చే ఏడు కౌలు మానెయ్యరాదూ?" అని నేను అడిగితిని. "మానేస్తే పౌరుషం ఏముంది అన్నయ్యా? గాలివాన దాని పని అది చేసింది, నా పని నేను చెయ్యొద్దా?" అని ఆమె అనెను. అక్షరములు కూడబలుకుకొని చదువు ఆ చెల్లెలు, దైవమును ఒకవైపున, పౌరుషమును ఒకవైపున నిలిపి భారతమునందలి పెద్దలు చేసిన విభాగమును అట్లే చేసినది. ఆ నోట ఈ శబ్దమున మగవాసన ఏ కోశముననూ లేదు.

పౌరుషమనగానే తెలుగువారికి మొదట స్ఫురించునది పల్నాడు. తెనాలిలో సూతాశ్రమము నెలకొల్పుకొని వసించిన కవిరాజు త్రిపురనేని రామస్వామి చౌదరిగారు 'పల్నాటి పౌరుషము' అను పేరనే ఒక గ్రంథము వ్రాసిరి. వారు పురపాలకసంఘాధ్యక్షులై ఉండి, గంగానమ్మ కొలుపులలో జంతుబలిని మాన్పింప పూనుకొనుట వారి గ్రంథముతో సమానమైన పౌరుషమని నా అభిప్రాయము. పల్నాటి యుద్ధమున బ్రహ్మనాయునికి సరిసాటిగా నిలిచి రాజ్యతంత్రము నడపినది నాయకురాలు నాగమ్మయే గదా; పౌరుషమునకు పేరొందిన ఆ నేలయందు కూడ అది మగవారి సొత్తుగా ఎన్నడును లేదు. ఖడ్గతిక్కననాటి పుల్లరియే దాదాపు ఏడు శతాబ్దములు గడచిన పిమ్మట ఈ పల్నాటిలో మరల తలయెత్తినది. అడవిలో పశువులు మేపుకొనుటకు దొరతనమువారు అడిగిన పన్ను చెల్లింపమని నిలిచి, మించాలపాడు రైతు కన్నెగంటి హనుమంతు 1922 ఫిబ్రవరిలో పోలీసుల తుపాకులకు ఎర అయ్యెను. అంతకు ముందు సంవత్సరము దుగ్గిరాల గోపాలకృష్ణయ్యగారి వెంట చీరాల పేరాల జనులు, పురపాలకసంఘపు పన్ను భారమును నిరాకరించి, 13 వేలకు మించినవారు ఇండ్లు వాకిండ్లు విడిచి, రామనగరమను పేర పాకలు వేసికొని 11 నెలలు ఎండలో, వానలో వసించిరి. ఒక్క కత్తియు దూయబడలేదు. ముసలివారును, చూలాండ్రును, చంటిబిడ్డల తల్లులును ఆ పాకలలోనే ఉండిరి. తెలుగుదేశచరిత్రలో పౌరుషమను శబ్దమునకు సంపూర్ణార్థము సిద్ధించిన ఘట్టమేదని నన్ను అడిగినచో, పల్నాటి యుద్ధము జరిగిన కారెంపూడి రణరంగమును కాక రామనగరపు పాకలను చూపుదును.

రంగస్థలమును గూర్చి కూడ ఒకమాట చెప్పవలెను, తెనాలివాడనై దానిని విడిచిపోలేను. మీసము మెలివేసి తొడచరచు దుర్యోధనులను, గదయెత్తు భీములను మా తెనాలి తనివితీర చూచినది. అయితే ఆంధ్రదేశమంతయు తలచుకొని తలచుకొని మురిసిన నటుడు బాపట్లలో 1902లో జన్మించి, తెనాలి శ్రీరామవిలాససభలో వెలసిన స్థానము నరసింహారావుగారు. ఆయన కీర్తి యంతయు సత్యభామవలన, రోషనారవలన, చిత్రాంగివలన, మధురవాణివలన వచ్చినది. 1956లో పద్మశ్రీ వచ్చినదియు ఆ వేషములు కట్టిన చేతికే. పురుషుడై పుట్టి, స్త్రీ నడకను, స్త్రీ చూపును, కొంగు సవరించుకొను తీరును దీర్ఘసాధనచే సంపాదించి, దీపముల వెలుగున నిలిచి వేలజనమును నమ్మించుటకు ఎంత పూనిక కావలెను! దైవము తన కిచ్చిన శరీరమును, కంఠమును అభ్యాసముచేత దాటిపోయిన ఆ సాధనకు పౌరుషమని గాక మరి యే పేరు పెట్టుదును? ఆయన స్వీయచరిత్ర 'నటస్థానము' చదువదగినది. వేషధారణము నేర్చుకొను యువకులకు నేను దానిని చదువుమని చెప్పుచుందును.

నా శబ్దరత్నాకర నిఘంటువు ప్రతియందు పౌరుషశబ్దమున్న పుట అంచున 'పూనిక' అని ఎన్నడో వ్రాసికొంటిని. ఇప్పుడు దాని క్రింద 'ఆడువారికిని' అని చేర్చితిని. బడులలో తెలుగు చెప్పు మిత్రులకు నా విన్నపము: పిల్లలు ఈ మాటకు అర్థమడిగినపుడు పరాక్రమముతో ఆరంభింపక ప్రయత్నముతో ఆరంభింపుడు, ఉదాహరణమునకు కత్తిని గాక కాలువను చూపుడు. వ్యవహారకోశములు కూర్చు పండితులు పదప్రయోగములను సేకరింపదలచినచో కోర్టుల వద్దను, రచ్చబండల వద్దను వినిపించునవి మాత్రమే చాలవు. ఆషాఢశ్రావణములలో, నాట్లు పడు రోజులలో అంగలకుదురు రావలెను; మధ్యాహ్నము కూలీలు అన్నము మూటలు విప్పు వేళకు గట్టున కూర్చున్నచో, మాట వారే చెప్పుదురు. నేను తోడువత్తును.