‘తగిన స్థాయి’ అంటే ఎవరు?

1996 నాటి పెసా చట్టం మనదని గర్వంగా చెప్పుకుంటాం. చెప్పుకోవాలి కూడా. కానీ నీటి గురించి అందులో ఏం రాశారో ఒకసారి చదువుదాం.

నాలుగో సెక్షన్‌లోని ‘డి’ క్లాజు ఊరి ఉమ్మడి వనరులనూ, తగవు తీర్చుకునే ఆచారాన్నీ కాపాడుకునే శక్తి గ్రామసభకు ఉందంటుంది. అదే సెక్షన్‌లోని ‘జె’ క్లాజు చిన్న నీటి వనరుల ప్రణాళిక, నిర్వహణలను ‘తగిన స్థాయి’ పంచాయతీలకు అప్పగించమంటుంది. అక్కడ గ్రామసభ పేరే లేదు. చిన్నతరహా అటవీ ఫలసాయానికి యాజమాన్యం అన్న మాట రాశారు. నీటికి రాయలేదు.

తగిన స్థాయి ఏది? ఊరా, మండలమా, జిల్లానా? ఆ క్లాజు తేల్చలేదు. గెడ్డ మీద తగవొస్తే కాగితం ఉన్నవాడిదే పైచేయి. తరతరాలుగా పూడిక తీసిన ఊరు సాక్ష్యం వెతుక్కోవాలి.

2011లో జగ్‌పాల్ సింగ్ కేసులో, పంజాబ్‌లో ఒక ఊరి చెరువును పూడ్చి కట్టిన ఇళ్లను క్రమబద్ధం చేయడానికి సుప్రీంకోర్టు ఒప్పుకోలేదు. ఆ తీర్పు మనకూ పనికొస్తుంది. అయితే అది మన చెరువేనని ముందు మనం చూపించాలి.

అందుకే యువకులూ, ఉపాధ్యాయులమూ కలిసి ఊరి ఊటలు, చెలమలు, గెడ్డల పేర్లూ హద్దులూ పెద్దలనడిగి గ్రామసభ తీర్మానాల పుస్తకంలో రాయిద్దాం. తగవు రాకముందే రాయిద్దాం.