పేరు నిలిచినవాడు, పని నిలిచినవాడు

‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ (1957) దర్శకుడెవరంటే సిడ్నీ లూమెట్ అని, హీరో ఎవరంటే హెన్రీ ఫోండా అని సినిమా పిచ్చి ఉన్నవాళ్లు ఠక్కున చెప్పేస్తారు. రాసిందెవరంటే మాత్రం తడుముకుంటారు. ఆ రచయిత రెజినాల్డ్ రోజ్ (1920–2002). ఆయనలాగే న్యూయార్క్‌లో పుట్టి, ఆయనలాగే 1950లలో టీవీ ప్రత్యక్ష ప్రసార నాటకాలతో పైకొచ్చిన ప్యాడీ చాయెఫ్‌స్కీ (1923–81) పేరు మాత్రం మూడు ఆస్కార్లతో చరిత్రకెక్కింది. ఈ తేడా ప్రతిభలో లేదు, రాసే పద్ధతిలో ఉంది.

చాయెఫ్‌స్కీ బలం మాట. 1953లో టీవీ నాటకంగా వచ్చి, 1955లో సినిమా అయిన ‘మార్టీ’లో కథానాయకుడు పెళ్లికాని మాంసం కొట్టు మనిషి. శనివారం సాయంత్రం అతనూ స్నేహితుడూ ఇవాళ ఏం చేద్దామని ఒకరినొకరు అడుగుతూనే ఉంటారు. జవాబు ఇద్దరి దగ్గరా లేదు. ఒంటరితనం గురించి ఎవరూ ప్రసంగించరు. తిరిగి తిరిగి వచ్చే ఆ ప్రశ్నే అంతా చెప్పేస్తుంది.

రోజ్ బలం అమరిక. ఒక నరహత్య కేసులో తాను జ్యూరీలో కూర్చున్న అనుభవంతో 1954లో ‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ను టీవీకి రాశాడు. హత్యకు వాడిన కత్తిలాంటిది ఇంకోటి దొరకదని అందరూ నమ్ముతున్న వేళ, ఎనిమిదో జ్యూరర్ జేబులోంచి అచ్చం అలాంటిదే తీసి బల్లమీద దిగ్గొడతాడు. వాదించకుండానే ఒక నమ్మకం కూలిపోతుంది. ముసలి సాక్షి గుమ్మం దాకా రావడానికి ఎంతసేపు పడుతుందో గదిలోనే కుంటుతూ నడిచి లెక్కేస్తారు. సాక్షి చెప్పింది 15 సెకన్లు, తేలింది 41. ఆ గదిలో జ్యూరర్లకు పేర్లుండవు, అంకెలే.

అదే ఏడాది రాసిన ‘థండర్ ఆన్ సికమోర్ స్ట్రీట్’ ఇంకా గట్టి ఉదాహరణ. తెల్లవాళ్ల వీధిలోకి వచ్చిన నల్లజాతి కుటుంబం గురించి రాయాలనుకుంటే టీవీవాళ్లు ఒప్పుకోలేదు. రోజ్ ఆ మనిషిని జైలు నుంచి వచ్చినవాడిగా మార్చాడు. కానీ ఆ సంగతి చివరిదాకా దాచాడు. దాంతో ఎవరి మనసులో ఉన్న ద్వేషాన్ని వాళ్లు ఆ ఖాళీలో నింపుకున్నారు. అడ్డొచ్చిన నిబంధననే పనిముట్టు చేసుకోవడమంటే ఇదే.

ఇద్దరికీ లోపాలున్నాయి. ‘నెట్‌వర్క్’ (1976)కు వచ్చేసరికి చాయెఫ్‌స్కీ పాత్రలన్నీ చాయెఫ్‌స్కీలాగే మాట్లాడతాయి. ఆ ధాటికి చప్పట్లు కొడతాం, కానీ మనుషులు మసకబారతారు. రోజ్ కలానికేమో నాలుగు గోడలు కావాలి. న్యాయవాదులైన తండ్రీకొడుకులతో ఆయన రూపొందించిన ‘ది డిఫెండర్స్’ (1961–65) సీరియల్ గర్భస్రావం మీద ఎపిసోడ్ వేసి, ఎప్పుడూ ప్రకటనలిచ్చే కంపెనీలు తప్పుకున్నా వెనక్కి తగ్గలేదు. అదే మనిషి ఆఫ్రికా మైదానాల్లో కిరాయి సైనికుల కథ ‘ది వైల్డ్ గీస్’ (1978) రాస్తే మామూలు యాక్షన్ సినిమా అయింది. ఆసుపత్రి మంచం చుట్టూ తిరిగే ‘హూజ్ లైఫ్ ఈజ్ ఇట్ ఎనీవే?’ (1981)కి మరొకరితో కలిసి పనిచేసినప్పుడు మళ్లీ పదునెక్కాడు.

మాటల రచయితను గుర్తుపెట్టుకోవడం మనకూ అలవాటే. ఆ కొలతతో చూస్తే చాయెఫ్‌స్కీదే పైచేయి. కానీ ‘ట్వెల్వ్ యాంగ్రీ మెన్’ను బాసు చటర్జీ హిందీలో ‘ఏక్ రుకా హువా ఫైస్లా’ (1986)గా, మిఖల్కోవ్ రష్యన్‌లో ‘12’ (2007)గా తీసినప్పుడు రోజ్ రాసిన ఇంగ్లిష్ వాక్యాలు పోయాయి, నిర్మాణం మాత్రం చెక్కుచెదరలేదు. ‘మార్టీ’లోని న్యూయార్క్ బ్రాంక్స్ యాసను అలా ఊరు దాటించడం కష్టం. తన గొంతు వినిపించకుండా రాసినందుకే రోజ్ పేరు మరుగున పడింది, అందుకే ఆయన కథ ఏ భాషలోకి వెళ్లినా సొంత కథలా ఒదిగిపోయింది.