వలయం బయట నిలిచిన కెమెరా

మారిషస్‌లో మనలను "కోరంగివాళ్లు" అన్నారు. అది మన తాతలందరూ పుట్టిన ఊరు కాదు, ఓడ ఎక్కిన రేవు. అయినా ఆ పేరే మనకు మిగిలింది. ఓడ దింపిన మనుషుల కథ ఒమాన్‌లోనూ ఉన్నది.

సూర్ మొదలైన ఒమాన్ తీరపట్టణాలలో తూర్పు ఆఫ్రికా సంతతివారు "లేవా" అనే నృత్యం చేస్తారు. నడుమ సన్నాయివంటి మిజ్మార్, నిలువెత్తు ముసొందో డోలు. వాటి చుట్టూ జనం వలయంగా కదులుతూ ఆడతారు. పాటలో అరబ్బీతోపాటు స్వాహిలీ మాటలుంటాయి. పాడేవారందరికీ వాటి అర్థం తెలియదు. "జార్" అనేది మరొకటి. మనిషిని పట్టిన ఆత్మను డోళ్లతో, పాటలతో, ధూపంతో శాంతింపజేస్తారు. బాధ ఒకరిది, పాట పదిమందిది. 2019లో అంతర్జాతీయ బుకర్ బహుమతి పొందిన జోఖా అల్‌హార్తీ నవలలో, బానిసగా బ్రతికిన జరీఫా ఈ జార్‌కే వెళుతుంది.

ఈ జనంలో పలువురి పెద్దలు బానిసలుగా వచ్చినవారు. ఒమాన్‌లో బానిసత్వం రద్దయినది 1970లో. మన తాతలు కంట్రాక్టు కాగితం మీద వేలిముద్ర వేశారు. వారికి ఆ కాగితమైనా లేదు. రెండు కష్టాలను ఒకే త్రాసులో తూచరాదు. కాని పాటను పట్టుకొని నిలిచిన తీరు ఒక్కటే.

1983లో అక్కడ సంప్రదాయ సంగీత కేంద్రం ఏర్పడి నూటికి పైగా సంగీత రీతులను శబ్దంగా, వీడియోగా భద్రపరచింది. ఇది గొప్ప సేవ. అయితే మేము చూసిన లేవా వీడియోలలో కెమెరా వలయం బయటనే నిలిచింది. అడుగులు కనిపించాయి, డోలు వినిపించింది. ఎందుకు ఆడుతున్నారన్నది మాత్రం అందలేదు. "జానపద కళ" అని పేరు పెట్టగానే దాని వెనుక ఉన్న బానిసత్వపు మాట మరుగున పడుతుంది. ఒమానీ సంగీత పండితుడు మాజిద్ అల్‌హార్తీ 2012లో ఆఫ్రికన్ ఒమానీల సంగీతం గురించి, గతాన్ని అధికారికంగా చెప్పే తీరు గురించి వ్రాసినదీ ఈ చిక్కును గూర్చియే. 2022లో వెనిస్ బియెన్నాలేలో ఒమాన్ తొలిసారి సొంత ప్రదర్శనశాల తెరిచింది. వీడియో కళాకారుడు హసన్ మీర్ అందులో పాల్గొన్నారు. అటువంటి కళకు ఇచ్చే గౌరవం సూర్ వీధిలోని వలయానికీ దక్కాలని మా అభిప్రాయం.

ఇక మన ఇంటి సంగతి. రామభజనంలో దీపం చుట్టూ తెల్లవార్లూ తిరిగే వలయం మనకూ ఉన్నది. ఇప్పుడు పిల్లలు ఫ్రెంచి అక్షరాలలో వ్రాసుకొని పాడుతున్నారు. అర్థం తెలియకుండా ఏమి భజన అని మేమే ఒకప్పుడు కసరుకున్నాము. లేవా చూచిన తరువాత ఆ మాట వెనక్కి తీసుకుంటున్నాము. అర్థం తరువాత నేర్పవచ్చు. వలయం తెగితే మళ్లీ కట్టడం కష్టం.

తెగే సూచనలు కనబడుతూనే ఉన్నాయి. దీపం దగ్గర పదిమంది ఉంటే, గోడవారన ఫోనులు పట్టుకొని ఇరవైమంది. వీడియో తీయవద్దని మేము అనము. మన మనుమలకు అది కావాలి. అయితే తీసేవారు ఫోనును కాసేపు పక్కన పెట్టి, దీపం చుట్టూ ఒక్క చుట్టయినా తిరగాలి. పెద్దలు వారికి చోటు ఇవ్వాలి.