చెరసాలలో వ్రాసిన మూడు నవలలు

1960వ సంవత్సరం డిసెంబరు 15వ తేదీన నేపాలు ప్రధానమంత్రి విశ్వేశ్వరప్రసాద్ కొయిరాలా ఒక యువజన సభలో ఉండగా సైనికులు వచ్చి ఆయనను నిర్బంధించారు. ప్రజల ఓటుతో ఆ దేశంలో ఆ పదవికి వచ్చిన మొదటి వ్యక్తి ఆయన. పదవిలో ఉన్నది ఏడాదిన్నర. ఆ పిమ్మట సుందరీజల్ సైనిక శిబిరంలో, విచారణ అన్నది లేకుండా, గడిపినది దాదాపు ఎనిమిది సంవత్సరాలు. ఆ నిర్బంధంలో ఆయన నవలలు వ్రాశారు. వానిలో రాజు ఆజ్ఞ లేదు, పార్లమెంటు లేదు, పదవీచ్యుతుడైన నాయకుని ఆక్రోశం లేదు. ఈ లేమిని ఎట్లా అర్థం చేసుకోవాలన్నదే ఈ వ్యాసానికి విషయం.

చెరసాలలో పుట్టిన నవల తెలుగువారికి కొత్త కాదు. ఉన్నవ లక్ష్మీనారాయణగారు 1922లో రాయవేలూరు జైలులో 'మాలపల్లి' వ్రాశారు. అందులో జైలూ ఉన్నది, కూలి సమ్మె ఉన్నది, దేశోద్యమం ఉన్నది. ప్రభుత్వం దానిని నిషేధించేటంత రాజకీయం ఉన్నది. ఆ అలవాటుతో కొయిరాలాను చదవబోయిన తెలుగు పాఠకునికి మొదట నిరాశ కలుగుతుంది. నాకూ కలిగినది. ఆయన రాజకీయాలలో సోషలిస్టు, సాహిత్యంలో అరాచకవాది అని, ఆ రెండు గదుల మధ్య తలుపు లేదని విమర్శకులు అంటారు. ఆయన తానుగా చెప్పుకొన్న మాట కూడా ఇంచుమించు అదే. చాలా కాలం నేనూ దానిని నమ్మినాను. రచయిత తనను గూర్చి తాను చెప్పుకొన్న మాటను అంత తేలికగా నమ్మరాదని ఇప్పుడు తోస్తున్నది.

ముందు చరిత్రను కొంచెం చెప్పవలసి ఉన్నది. 1950-51 విప్లవంతో నూరేండ్లకు పైబడిన రాణాల పాలన అంతమైనప్పుడు, ప్రజలు ఎన్నుకొన్న సభ రాజ్యాంగాన్ని వ్రాస్తుందని త్రిభువన్ మహారాజు 1951 ఫిబ్రవరిలో ప్రకటించాడు. ఆ సభకు ఎన్నికలు జరిగినది 2008లో. మధ్యలో గడిచినవి 57 సంవత్సరాలు. రాజే ప్రసాదించిన రాజ్యాంగం క్రింద 1959లో జరిగిన ఎన్నికలలో 109 స్థానాలకు 74 నేపాలీ కాంగ్రెసుకు దక్కినవి. మరుసటి సంవత్సరమే మహేంద్ర రాజు సభను రద్దు చేసి, పార్టీలను నిషేధించి, 1962లో కొత్త రాజ్యాంగం తెచ్చాడు. దాని పేరు పంచాయత్ వ్యవస్థ. దేశపు నేలకూ వాతావరణానికీ సరిపడే ప్రజాస్వామ్యం అదేనని ప్రచారం చేశారు. పాకిస్తానులో 1958లో అధికారాన్ని చేజిక్కించుకొన్న అయూబ్ ఖాన్ కూడా 1959లో 'మౌలిక ప్రజాస్వామ్యం' అనే పేరుతో 80,000 మంది స్థానిక సభ్యులను నిలిపి, దేశమంతటి ఓటును వారి చేతిలో పెట్టాడు. ఇద్దరి వాదమూ ఒకటే: పార్లమెంటు పరదేశపు మొక్క, మన మట్టిలో నాటుకోదు.

అనువాదకునికి ఇక్కడ ఒక చిక్కు ఎదురవుతుంది. పంచాయతీ అనే మాటను తెలుగులోకి తేవలసిన పని లేదు, అది ఉన్నదే. ఆంధ్రప్రదేశ్‌లో పంచాయతీరాజ్ 1959లోనే ప్రవేశించినది. మనకు ఆ మాట ఊరి రచ్చబండను, ఓటును, సర్పంచిని జ్ఞప్తికి తెస్తుంది. నేపాలులో ముప్పది యేండ్లపాటు అదే మాటకు అర్థం పార్టీ లేకపోవడం, ఎదురు పలికే హక్కు లేకపోవడం. మాట యథాతథంగా దిగుమతి అవుతుంది, అర్థం మాత్రం సరిహద్దు దగ్గర తలక్రిందులవుతుంది. వివరణ వ్రాస్తే కథ నడక చెడుతుంది. వ్రాయకపోతే పాఠకుడు మోసపోతాడు.

ఇక నవలలకు వద్దాము. 1968లో వెలువడిన 'తీన్ ఘుమ్తీ' అంటే మూడు మలుపులు. నేవార్ కుటుంబానికి చెందిన ఇంద్రమాయ తల్లిదండ్రులను కాదని బ్రాహ్మణ యువకుడు పీతాంబరుని చేపట్టుతుంది. అది మొదటి మలుపు. పీతాంబరుడు రాజకీయ ఖైదీగా జైలుకు పోతాడు. అతని మిత్రుడు రమేశుతో ఆమెకు ఏర్పడిన సంబంధం వలన ఒక కూతురు పుడుతుంది, అది రెండవది. భర్త విడుదలై వచ్చిన తరువాత ఎప్పుడో ఒకనాడు ఆమె ఆ ఇల్లు విడిచి పోతుంది, అది మూడవది. కథ ఇంతే. పుస్తకం కూడా చిన్నది.

ఈ నవలను వ్రాస్తున్నవాడు ఎవరు? తానే ఖైదీ. సుందరీజల్‌లో కూర్చున్న మనిషికి సహజంగా చేతికందే నాయకుడు పీతాంబరుడు. దేశం కొరకు బాధపడినవాడు, వెనుక ఇల్లు చెదరిపోయినవాడు. అతని పక్షాన నిలిచి కథ చెప్పి ఉంటే నేపాలు అంతా కన్నీరు కార్చి ఉండేది. కొయిరాలా ఆ పని చేయలేదు. పీతాంబరునితోపాటు జైలులోకి కథ పోదు. బయట ఇంద్రమాయ దగ్గరే ఉండిపోతుంది. జైలు తలుపు మూసుకొన్న చప్పుడు ఆమె వైపు నుంచి మాత్రమే వినిపిస్తుంది. భర్త త్యాగం ఆమె జీవితాన్ని నిర్ణయించే హక్కును అతనికి ఇవ్వదు. త్యాగశీలికి కూడా ఎదుటి మనిషిపై పెత్తనం లేదని చెప్పడం ఒక రాజకీయ నాయకునికి ఎంత కష్టమైన మాటో మన స్వాతంత్ర్యోద్యమంలోని ఇండ్లను ఎరిగినవారికి చెప్పనక్కరలేదు. మన నవలలలో జైలుకు పోయినవారి భార్యలు ఎదురుచూస్తారు, నూలు వడుకుతారు, ఉత్తరాలు వ్రాస్తారు. ఇంద్రమాయ వలె మలుపు తిరిగినవారు అరుదు.

'సుమ్నిమా' 1970లో అచ్చయినది. నా దృష్టిలో ఇది ఆయన పుస్తకాలలో పెద్దది, లోపాలున్నదీ ఇదే. కోశీ నదీతీరంలో సోమదత్తుడనే బ్రాహ్మణ బాలుడు, సుమ్నిమా అనే కిరాత బాలిక కలిసి పెరుగుతారు. కిరాతుల పురాగాథలలో ఆదిమాత పేరు సుమ్నిమా. పేరు ఎంచుకోవడంలోనే రచయిత ఉద్దేశం తెలుస్తుంది. సోమదత్తుడు తపస్సుకు పోతాడు. తరువాత పులోమ అనే కన్యను శాస్త్రప్రకారం పెండ్లాడుతాడు. దేహాన్ని శత్రువుగా చూసే ఆ దాంపత్యం ఎండిపోతుంది, సంతానం కలుగదు. చివరకు అతడు సుమ్నిమా దగ్గరకే రావలసి వస్తుంది. తరువాతి తరంలో అతని కొడుకు, ఆమె కూతురు దంపతులవుతారు.

దీనిని దేహానికీ ఆత్మకూ జరిగిన వివాదంగా చదివి, ఫ్రాయిడ్ పేరు చెప్పి ముగించడం పరిపాటి. ఆ పాఠం తప్పు కాదు గాని చాలదు. హిందూ రాజ్యంగా చెప్పుకొనే దేశంలో, పర్వతాలలోని కిరాతుల ఆచారం సంస్కృత ధర్మానికి సమాన ప్రతివాదిగా నిలిచి మాట్లాడగలదని ఒక బ్రాహ్మణ నాయకుడు వ్రాశాడు. వాదంలో గెలుపు కూడా చాలావరకు ఆమెకే ఇచ్చాడు. ఆయన పార్టీ ప్రణాళికలలో భూసంస్కరణ ఉన్నది, ఎన్నికలు ఉన్నవి. దేశంలోని జాతులు ఒకరినొకరు ఏ భాషలో సంబోధించుకోవాలన్న ప్రశ్న అంత స్పష్టంగా లేదు. రాజకీయవేత్త విడిచిన ప్రశ్నను నవలాకారుడు అందుకొన్నాడు. తలుపు లేదన్న గదుల మధ్య తలుపు ఇక్కడ ఉన్నదని నా అభిప్రాయం.

లోపం కూడా ఇక్కడే. సోమదత్తునికి శాస్త్రం ఉన్నది, సందేహం ఉన్నది, పశ్చాత్తాపం ఉన్నది. సుమ్నిమాకు ప్రకృతి మాత్రమే ఉన్నది. ఆమె ఎన్నడూ సందేహించదు. అడవి, నది, వెచ్చని మట్టి ఎట్లా సందేహించవో అట్లా. బ్రాహ్మణునికి మనస్సు, కిరాత స్త్రీకి దేహం అన్న పంపకం గౌరవంతో చేసినా పంపకమే. భాష కూడా ఈ పంపకాన్ని అనుసరించి నడుస్తుంది: సోమదత్తుని చుట్టూ సంస్కృత సమాసాలు, సుమ్నిమా నోట చిన్న చిన్న దేశి మాటలు. తెలుగు చేయబోయిన వానికి ఇది సులభమైన ఉచ్చు. ఒకరికి గ్రాంథికం, మరొకరికి ఏ కొండప్రాంతపు మాండలికమో పెట్టితే పని అయిపోయినట్లే కనిపిస్తుంది. కాని మన నాటకాల అలవాటు వలన మాండలికం వినగానే ప్రేక్షకుడు నవ్వుతాడు. సుమ్నిమా మాట్లాడితే నవ్వు రాకూడదు. సోమదత్తుడు మౌనం వహించాలి. నేను ఎంచుకొన్నది ఇద్దరికీ ఒకే తెలుగు. ఆమె వాక్యాలు మాత్రం చిన్నవి. అది సరియైన పరిష్కారమని చెప్పను.

'మోదిఆఇన్' 1979లో వచ్చినది. దర్భంగాలో కొట్టు నడుపుకొనే స్త్రీ ఒక పసివానికి చెప్పిన కురుక్షేత్ర కథ ఇది. తిక్కన స్త్రీపర్వంలో మనం విన్న దుఃఖం ముఖ్యంగా రాజస్త్రీలది. మోదిఆఇన్ చెప్పేది పేరులేని యోధుని భార్య కథ. ధర్మం ఏ పక్షాన ఉన్నదన్న ప్రశ్న ఆమెకు పట్టదు. మగడు తిరిగి రాలేదు, అంతే. గొప్పవాడివి కావలెనని పెద్దలు ఆశీర్వదించే పిల్లవానికి, గొప్పవాడికంటె మంచివాడు కావడం మేలన్న మాట ఆమె దగ్గర వినబడుతుంది. వ్రాసినవాడు విప్లవాన్ని నడిపి మనుషులను యుద్ధానికి పంపినవాడు. విడుదల తరువాత భారతదేశంలో ప్రవాసిగా ఉంటూ ఆయన మళ్ళీ సాయుధ మార్గాన్నే ఆశ్రయించారు. 1973లో ఆయన పార్టీవారు విరాట్‌నగర్ నుంచి బయలుదేరిన విమానాన్ని బలవంతంగా ఫార్బెస్‌గంజ్ దగ్గర దింపి అందులోని ధనాన్ని తీసుకొనిపోయారు. మోదిఆఇన్ మాటను ఆమెను సృష్టించినవాడే వినలేదు. ఇది నవలకు దోషం కాదు, నవల ఎందుకు అవసరమైనదో చెప్పే సాక్ష్యం.

ఫార్బెస్‌గంజ్ పేరు వచ్చినది గనుక ఫణీశ్వరనాథ్ రేణును తలచుకోక తప్పదు. ఆ ప్రాంతపువాడే ఆయన. చిన్ననాట విరాట్‌నగర్‌లో కొయిరాలాల ఇంట ఉండి చదువుకొన్నారు. నేపాలు విప్లవంలో స్వయంగా పాల్గొని, ఆ అనుభవాన్ని 'నేపాలీ క్రాంతికథ'గా వ్రాశారు. కొయిరాలా కూడా తొలి కథలు హిందీలో వ్రాసి ప్రేమ్‌చంద్ 'హంస్' పత్రికలో ప్రకటించినవారే. ఒకే నేల, ఒకే ఉద్యమం, ఒకప్పుడు ఒకే భాష. పద్ధతులు మాత్రం భిన్నం. రేణు నవలలో రాజకీయం ముంగిటనే ఉంటుంది. 1954 నాటి 'మైలా ఆంచల్'లో బావన్‌దాస్ అనే పొట్టి గాంధేయవాది పాకిస్తాను సరిహద్దులో దొంగసరుకు బండ్లకు అడ్డంగా నిలుస్తాడు. బండ్లు అతని మీదుగానే పోతాయి. శవం ఏ దేశానిదో ఒప్పుకొనేవారు లేరు. చెట్టుకు వ్రేలాడిన అతని సంచి పీలికను చూసి ఎవరో అది మొక్కుల చెట్టనుకొంటారు. గుడ్డపీలికలు కట్టడం మొదలుపెడతారు. స్వతంత్ర ప్రజాస్వామ్యం తన భక్తుని చంపి, మరచి, తెలియకుండానే అతనికి మొక్కుతున్నది. ఏడెనిమిది పుటలలో ఇంత చెప్పిన మరొక ఘట్టం నేను హిందీలో చదవలేదు.

1974లో బీహారు ఉద్యమకారులపై జరిగిన దౌర్జన్యానికి నిరసనగా రేణు పద్మశ్రీని తిరిగి ఇచ్చివేశారు. 1975లో ఇక్కడ అత్యవసర పరిస్థితి వచ్చినది. ఆశ్రయమిచ్చిన దేశంలోనే ప్రజాస్వామ్యం మూగపోయిన ఆ వేళ, 1976 డిసెంబరు 30న, కొయిరాలా జాతీయ సమన్వయం పేరుతో కాఠ్మాండూకు తిరిగిపోయి విమానాశ్రయంలోనే నిర్బంధింపబడ్డారు. రేణు 1977 ఏప్రిల్‌లో, అత్యవసర పరిస్థితి తొలగిన కొద్ది రోజులకే, కన్నుమూశారు. 1980లో రాజు జరిపించిన ప్రజాభిప్రాయ సేకరణలో పంచాయత్ పక్షానికి నూటికి 55, బహుళపక్ష వ్యవస్థకు 45 చొప్పున ఓట్లు వచ్చినవి. ఓటింగు న్యాయంగా జరగలేదని ఆయన అనుచరులు మండిపడ్డారు. కొయిరాలా ఫలితాన్ని అంగీకరించారు. గుండెబలం కావలసిన పని. సుమ్నిమా చేత వాదంలో సోమదత్తుని ఓడించిన రచయిత అందులో నాకు కనిపిస్తాడు. 1982లో ఆయన మరణించేనాటికి పంచాయత్ అట్లాగే ఉన్నది. అది కూలినది 1990లో.

తరువాతి కథ పాఠకులు ఎరిగినదే. 1996 నుంచి పదేండ్ల అంతర్యుద్ధం, 2008లో రాచరికం రద్దు. ఇన్నేండ్లకు ఏర్పడిన రాజ్యాంగసభ నాలుగేండ్లు కూర్చుని, రాజ్యాంగం ఇవ్వకుండానే 2012లో ముగిసినది. తగవు ప్రధానంగా రాజును గూర్చి కాదు, పార్టీలను గూర్చి కాదు; రాష్ట్రాలు ఎవరి పేరిట, ఎవరి గుర్తింపుతో ఏర్పడాలన్నది. కిరాతులు, థారూలు, మధేశీలు అడిగినది అదే. రెండవ సభ 2015లో రాజ్యాంగాన్ని ప్రకటించినప్పుడు తరాయి మైదానాలు నెత్తురు చూచినవి. 'సుమ్నిమా'ను ఫ్రాయిడ్ నవలగా చదివి పక్కన పెట్టినవారు ఆ సంవత్సరాలలో దానిని మళ్ళీ తెరిచి ఉంటే బాగుండేది.

శ్రీలంకలో 2022లో, బంగ్లాదేశ్‌లో 2024లో ప్రజాగ్రహం పాలకులను తరిమినది. 2025 సెప్టెంబరులో కాఠ్మాండూ వంతు వచ్చినది. యువకులు వీధులలోకి వచ్చిన మొదటి దినమే 19 మంది తూటాలకు బలి అయ్యారు. మరునాడు పార్లమెంటు భవనం తగులబడినది. ఆ నెల 12న తాత్కాలిక ప్రధానమంత్రిగా ప్రమాణం చేసిన సుశీలా కార్కీ విరాట్‌నగర్ ప్రాంతంవారు, పూర్వపు ప్రధాన న్యాయమూర్తి, నవలాకారిణి. 1990 ఉద్యమంలో విరాట్‌నగర్ జైలులో తాను చూచినదాని ఆధారంగా ఆమె వ్రాసిన నవల పేరు 'కారా'. కొయిరాలా జైలులో కూర్చుని ఇంద్రమాయను జైలు బయటనే నిలిపి కథ చెప్పారు. కార్కీ బయటకు వచ్చిన ఎన్నో యేండ్లకు లోపలి స్త్రీల దగ్గరకు తిరిగి వెళ్ళారు. ఆ రెండు పుస్తకాలనూ ప్రక్కప్రక్కన పెట్టుకొని చదివే అవకాశం తెలుగు పాఠకునికి కలుగవలసి ఉన్నది.