దేవుడు ‘పరిశీలకుడా’? ప్రసంగవేదికపై క్వాంటం వాదనను గూర్చి ఒక విమర్శ

2025లో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం ఐ.బి.ఎం., టి.సి.ఎస్. సంస్థలతో కలసి అమరావతిలో క్వాంటం వ్యాలీని ప్రకటించినప్పటి నుండి ‘క్వాంటం’ అను మాట మన సంఘాలలోనికి కూడా వచ్చింది. యౌవనస్థుల కూడికలలో ఒక వాదన తరచుగా వినబడుచున్నది. ఎవరైనా చూచేవరకు అణువుకు నిశ్చయమైన స్థితి లేదని శాస్త్రమే ఒప్పుకొన్నదట. అయితే మానవుడు పుట్టకముందు ఈ విశ్వాన్ని చూచినవాడెవడు? దేవుడే గదా! వినడానికి ఇంపైన వాదన. మేము కూడా నెక్కొండలో ఒక క్రిస్మస్ కూడికలో దీనిని చెప్పి, “ఆమేన్” అనిపించుకొన్నాము. కూడిక ముగిసిన తరువాత, వరంగల్‌లో భౌతికశాస్త్రం చదువుచున్న మా సంఘ యౌవనస్థుడొకడు దగ్గరకు వచ్చి, “అయ్యగారూ, డీకోహెరెన్స్ సంగతి మీరు చెప్పలేదు” అని మెల్లగా అన్నాడు. ఆ మాట మేము అదే మొదటిసారి వినడం. ఈ వ్యాసం ఆ తరువాత మేము చదువుకొన్నదాని ఫలితం. కొంతవరకు మా ప్రసంగంపై మేమే చేసికొను విమర్శ.

క్వాంటం సిద్ధాంతం ప్రకారం ఒక కణం రెండు మార్గాల అధ్యారోపణంలో ఉండగలదు. అట్లు ఉన్నదనుటకు గురుతు, తెరపై ఏర్పడే వ్యతికరణ చారలు. అయితే ఆ కణం ఏ మార్గాన వెళ్లిందన్న సమాచారం ఎక్కడైనా, ఒక గాలి అణువులోనైనా, ఒక కాంతి కణంలోనైనా నమోదైతే చారలు మాసిపోతాయి. దీనినే డీకోహెరెన్స్ అంటారు. సంబద్ధత చెదరిపోవుట అని చెప్పుకోవచ్చును. మా నెక్కొండ స్టేషను దగ్గర టీ కొట్టులో ఇద్దరి మధ్యనున్న మాట ఒక్కటి జారితే సాయంత్రానికి ఊరంతా ఎరుగుతుంది. మాట నశించలేదు, ఊరిలో పంచబడింది. దానిని తిరిగి ఆ ఇద్దరి మధ్యకే చేర్చడం ఎవరి తరమూ కాదు. సంబద్ధత కూడా అట్లే నశించదు. చుట్టునున్న లెక్కలేని అణువులలోనికి కారిపోయి, మనకు అందకుండా పోతుంది. అమరావతికి ప్రకటించిన యంత్రంలోని 156 క్యూబిట్లను దాదాపు మైనస్ 273 డిగ్రీల చలిలో ఉంచవలసి వచ్చేది ఈ కారుదలను ఆపుటకే.

జర్మను శాస్త్రవేత్త డీటర్ జే 1970లో ఈ ఆలోచనకు పునాది వేశారు. 1980లలో వొయిచెక్ జురెక్ దానిని లెక్కలతో విస్తరింపజేశారు. ఒక గ్రాము బరువుగల వస్తువు మన గదుల ఉష్ణోగ్రతలో, ఒక సెంటీమీటరు ఎడముగల రెండు చోట్ల ఒకేసారి ఉన్నదనుకొందాం. దాని కదలిక సద్దుమణుగుటకు విశ్వం వయస్సంత కాలం పట్టినా, సంబద్ధత మాత్రం సెకనులో 10కి 23వ ఘాతమంత భాగంలోనే చెదరిపోతుందని జురెక్ 1991లో అంచనా వేశారు. బల్ల, బండ, మనిషి ఎప్పుడూ రెండు చోట్ల కనబడకపోవుటకు ఇదే కారణం.

ఇందులో మన తెలుగు నేలకు కూడా కొంత పాలున్నది. హైదరాబాదు విశ్వవిద్యాలయం నుండి గిరీశ్ అగర్వాల్ 1984లో, లోహపు కుహరంలో చిక్కిన కాంతి అణువులతో ఎట్లు వ్యవహరించునో ఒక ముఖ్యమైన సిద్ధాంత పత్రంలో వివరించారు. అదే రంగంలో పారిస్‌లో సెర్జ్ హరోష్ బృందం 1996లో, కుహరంలోని కొద్దిపాటి ఫోటాన్ల అధ్యారోపణం క్రమక్రమంగా చెదరిపోవుటను కొలిచి చూపించింది. 2012లో డేవిడ్ వైన్‌ల్యాండ్‌తో కలసి హరోష్‌కు నోబెల్ బహుమతి లభించింది.

మా ప్రసంగాన్ని కూల్చినది మాత్రం వియన్నా ప్రయోగం. అక్కడ 1999లో 60 కర్బన పరమాణువుల అణువుకు వ్యతికరణ చారలు చూపించారు. 2003లో 70 కర్బన పరమాణువుల అణువు ప్రయాణించే గొట్టంలోనికి కొద్దికొద్దిగా వాయువును వదిలారు. వాయువు పెరిగినకొద్దీ చారలు మాసిపోయాయి. ఇక్కడ చూచినవాడెవడు? ఎవడూ లేడు. వాయువు అణువులు తగిలాయి, అంతే. యూజీన్ విగ్నర్ 1961లో చైతన్యమే క్వాంటం స్థితిని నిశ్చయపరచునని వ్రాశారు. మన ప్రసంగీకులు ఎరిగియో ఎరుగకయో వాడేది ఆయన వాదననే. జే వ్రాతలను చదివిన పిమ్మట విగ్నరే ఆ అభిప్రాయాన్ని విడిచిపెట్టారు. విడిచిన వాదనను మనము ఇంకా పట్టుకొని ఉన్నాము!

శాస్త్రమట్లుంచి వేదాంతపరంగా చూచినా ఈ వాదనలో గొప్ప చిక్కున్నది. చూచుట వలననే అధ్యారోపణం పోవునని, దేవుడు ఆ అర్థంలో సమస్తమును చూచుచున్నాడని అంటే, వియన్నాలో చారలు ఎన్నడూ కనబడకూడదు. కాని కనబడ్డాయి. గనుక దేవుడు ఎరుగుట అనునది, ఫోటానుతో తాకి ఎరుగుట వంటిది కాదు. 139వ కీర్తన చెప్పే ఎరుక సృష్టికర్తకు తన సృష్టిపైనున్న ఎరుక. ప్రయోగశాల పరికరం కొలత కాదు. పరిశీలకునిగా దేవుని నిరూపించబోయి మేము ఆయనను సృష్టిలోని ఒక పరికరంగా దింపివేశాము. ఇది చిన్న పొరపాటు కాదు.

ప్రసంగవేదిక వాదన సంగతి ఇది. పండితుల వాదన ఇంతకంటె జాగ్రత్తగలది. భౌతికశాస్త్రవేత్తయు యాజకుడునైన విలియం పొలార్డ్ 1958లో, యాదృచ్ఛికమని కనబడే ప్రతి సంఘటనలోను దేవుని నిర్ణయమున్నదని వాదించారు. సామెతలు 16:33 ఎరిగినవారికి అది కొత్తగా తోచదు. రాబర్ట్ రస్సెల్ దానిని సవరించి, ప్రకృతి నియమాన్ని అతిక్రమించకుండానే దేవుడు క్వాంటం సంఘటనలలో కార్యము చేయగలడని, జన్యు మార్పులవంటి చోట్ల ఆ చిన్న సంగతి పెద్దదగునని అంటారు. డీకోహెరెన్స్ వీరిని పూర్తిగా కాదనదు. అయితే పెద్ద లోకంలో క్వాంటం వైచిత్ర్యం సాధారణంగా మాసిపోవును గనుక, ‘చిన్నది పెద్దదగుట’ ఎక్కడ జరుగునో ప్రతిసారి చూపించవలసిన భారం వీరిపై పడుతుంది. పైగా ఈ సిద్ధాంతం క్వాంటం యాంత్రికశాస్త్రానికి ఒక ప్రత్యేకమైన భాష్యంపై ఆధారపడినది. రస్సెల్ దీనిని దాచలేదు, అది ఆయన నిజాయితీ. కేంబ్రిడ్జిలో ఆచార్య పదవి వదలి 1982లో యాజకుడైన జాన్ పోకింగ్‌హార్న్‌కు ఈ మార్గం నచ్చలేదు. క్వాంటం కొలతలు అప్పుడప్పుడు మాత్రమే జరిగే సంఘటనలు. ఎడతెగని దేవుని కార్యానికి అవి చాలవని ఆయన తలంచారు. మాకు ఆయన మాటే సరిగా తోచుచున్నది.

ఇక రెండవ ప్రక్కన ఉన్నవారు, డీకోహెరెన్స్‌తో మర్మమంతా తీరిపోయిందని చెబుతారు. అదీ తొందరపాటే. డీకోహెరెన్స్ వ్యతికరణాన్ని మాన్పుతుంది; కాని మిగిలిన అవకాశాలలో ఈ ఒక్కటే ఎందుకు సంభవించిందో చెప్పదు. డీకోహెరెన్స్ కొలత సమస్యను పరిష్కరించలేదని స్టీఫెన్ ఆడ్లర్ 2003లో పత్రం పేరులోనే చెప్పారు. ఈ ఖాళీ కనబడగానే అక్కడ దేవుని కూర్చోబెట్టాలని మన చెయ్యి ఊరుకోదు. బాన్‌హోఫర్ 1944 మే 29న చెరసాలనుండి వ్రాసిన లేఖలో హెచ్చరించినది దీనినే: మన జ్ఞానంలోని లోటును పూడ్చుటకు దేవుని వాడితే, జ్ఞానం పెరిగినకొద్దీ దేవుడు వెనుకకు నెట్టబడుతూ ఉంటాడు. ఆయనకు ఆ తలంపు పుట్టించినది కూడా ఒక భౌతికశాస్త్రవేత్త, వైజ్‌సెకర్, వ్రాసిన పుస్తకమే.

తరువాతి యౌవనస్థుల కూడికలో, మేము చెప్పిన వాదన తప్పని అందరి యెదుట ఒప్పుకొన్నాము. ఒక సంఘ పెద్ద నొచ్చుకొని, “అంత మంచి పాయింటు ఎందుకు తీసేసిండ్రు అయ్యగారూ?” అని అడిగారు. ఆ యౌవనస్థుడు మాత్రం, “అయితే ఏ ఫలితం రావాలో దేనివల్ల తేలుతది?” అని మరల అడిగాడు. మాకు తెలియదని చెప్పాము. తనకు, తన అధ్యాపకులకు కూడా తెలియదని అతడన్నాడు.