మమ్మీల మీద మోజు: శాస్త్ర దృష్టితో ఒక విమర్శ

హైదరాబాదుకు విహారయాత్ర వెళ్ళిన విద్యార్థి బృందాలు పబ్లిక్ గార్డెన్సులోని పురావస్తు ప్రదర్శనశాలలో ప్రవేశించినప్పుడు ఒక విచిత్రం జరుగుతుంది. పురాతన నాణేలను, బౌద్ధ శిల్పాలను, కంచు విగ్రహాలను చకచక దాటిపోయి అందరూ ఒకే ఒక గాజు పెట్టె ముందు గుమిగూడుతారు. అందులో ఉన్నది ఈజిప్టు దేశపు మమ్మీ. పరదేశపు శవం ముందు గంటసేపు నిలబడే పిల్లలు మన దేశపు శిల్పం ముందు నిమిషం నిలవరు. ఇది పిల్లల తప్పు కాదు. ఇంగ్లండులో 1827లోనే జేన్ లౌడన్ అనే రచయిత్రి మమ్మీ తిరిగి బ్రతికినట్లు నవల వ్రాసింది. 1932లో హాలీవుడ్ వారు అదే సంగతిని సినిమా తీశారు. నాటినుండి నేటివరకు ఈ మోజు తగ్గలేదు.

మోజు చెడ్డది కాదు. శాస్త్రానికి తొలిమెట్టు కుతూహలమే. కాని ఆ కుతూహలానికి మన పత్రికలు, పిల్లల పుస్తకాలు పెడుతున్న మేత ఎట్టిదో పరిశీలించవలసి ఉన్నది. మమ్మీల గురించి తెలుగులో వచ్చే వ్యాసాలలో సాధారణంగా మూడు దినుసులు ఉంటాయి: ఒక రాకుమారి, ఒక రహస్యం, ఒక శాపం. ఈ మూడింటిని ఒక్కొక్కటిగా తూచి చూద్దాము.

రాకుమారి లెక్క

హైదరాబాదు మమ్మీ కథగా ప్రచారంలో ఉన్నది ఇది. ఆరవ నిజాము మహబూబ్ అలీ ఖాన్ అల్లుడైన నజీర్ నవాజ్ జంగ్ 1920 ప్రాంతంలో దీనిని వేయి పౌనులకు కొని తెచ్చి ఏడవ నిజాము మీర్ ఉస్మాన్ అలీ ఖాన్‌కు సమర్పించాడు. ఆయన 1930లో దానిని ప్రదర్శనశాలకు ఇచ్చాడు. ఆమె పేరు నైషు. ఆమె ఈజిప్టు ఆరవ ఫారో కుమార్తె. ఆమె చనిపోయి 2,500 ఏండ్లు అయినది. ఈ మాటలను వ్యాసం తరువాత వ్యాసం ఎత్తి వ్రాస్తూనే ఉన్నది. వీటిలో చివరి రెండు మాటలను పక్కపక్కన పెట్టి చిన్న తీసివేత చేసినవారు మాత్రం అరుదు.

ఫారో అనగా ఈజిప్టు రాజు. ఆ దేశపు రాజుల వరుస క్రీ.పూ. 3100 ప్రాంతంలో మొదలైనది. ఆ వరుసలో ఆరవవాని కుమార్తె అయితే ఆమె సుమారు 5,000 ఏండ్ల నాటిది కావాలి. అట్లు కాక, గ్రీకు సంతతివారైన టాలమీ రాజులలో ఆరవవాడు అనుకొందాము. అతడు ఏలినది క్రీ.పూ. 180 నుండి 145 వరకు. అప్పుడు ఆమె 2,200 ఏండ్లకు లోపుదే అవుతుంది. ఇక 2,500 ఏండ్ల వెనుకకు పోతే, క్రీ.పూ. 525లో ఈజిప్టును జయించిన పారశీకుల పాలనాకాలంలో పడతాము. మొదటి లెక్క 5,000, రెండవది 2,200, ప్రచారంలో ఉన్నది 2,500. ఏ రెండూ కలియవు.

2,500 అన్నది ఉజ్జాయింపు అంకె కదా, అంత పట్టింపు ఎందుకని కొందరు అనవచ్చును. మూడు వందల ఏండ్ల తేడా చిన్నది కాదు. శ్రీకృష్ణదేవరాయలు, సి.పి. బ్రౌను దొర ఒకే కాలంవారని ఒక విద్యార్థి జవాబు పత్రంలో వ్రాస్తే మనము మార్కులు ఇస్తామా? మన చరిత్ర విషయంలో ఒప్పుకోని పొరపాటును ఈజిప్టు చరిత్ర విషయంలో ఎందుకు ఒప్పుకోవాలి?

ఇట్టి మాటలను రుజువు చేసే మార్గాలు లేకపోలేదు. పేరు, తండ్రి, హోదా తెలియవలెనంటే పేటిక మీదనో, అట్టల తొడుగు మీదనో ఉన్న వ్రాతను ఆ లిపి తెలిసినవారు చదవాలి. కాలం తెలియవలెనంటే చుట్టిన నారబట్టలో చిన్న పోగు తీసి అందులోని రేడియో కార్బన్‌ను కొలవాలి. ఆ కార్బన్ ప్రతి 5,730 ఏండ్లకు సగం తరుగుతుంది గనుక మిగిలినదానిని బట్టి కాలాన్ని గణించవచ్చును. చనిపోయిననాటి వయస్సు తెలియవలెనంటే ఎక్స్-రే చిత్రాలలో ఎముకల కొసలు అతుక్కొన్నవో లేదో చూడాలి. యౌవనం ముగిసే నాటికి కాలిచేతుల పొడుగాటి ఎముకల కొసలు అతుక్కొంటాయి. మెడ దిగువ జత్రుక మాత్రం ఇరువది ఏండ్లు దాటిన తరువాత గాని పూర్తిగా అతకదు.

హైదరాబాదు మమ్మీని 2016 ప్రాంతంలో ఎక్స్-రే, సీటీ స్కాన్ పరీక్షలు చేసి, ఆమ్లజని లేకుండా నత్రజని నింపిన పెట్టెలో భద్రపరచారు. బూజుకు, పురుగులకు ఆమ్లజని లేనిదే బ్రతుకు లేదు. మన వానకాలపు తేమగాలి నారబట్టకు శత్రువు. కాబట్టి ఇది మెచ్చదగిన పని. అయితే స్కాన్ ఎముకలను చూపుతుంది గాని బిరుదులను చూపదు. ఎముక మీద రాకుమారి అని వ్రాసి ఉండదు. ఏ పరీక్ష ఏ ప్రశ్నకు జవాబు చెప్పగలదో తెలుసుకోవడమే శాస్త్ర విద్యలో సగం. మన వ్యాసాలు చెప్పక విడిచిపెట్టేది సరిగా ఆ సగమే.

రహస్యమా, రసాయనమా?

రెండవ దినుసు రహస్యం. ఈజిప్టువారు ఏదో గుప్తవిద్యతో శవాలను నిలిపారని, ఆ విద్య లోకంనుండి అంతరించినదని చాలామంది వ్రాస్తారు. క్రీ.పూ. 5వ శతాబ్దిలో ఈజిప్టును గురించి వ్రాసిన గ్రీకు చరిత్రకారుడు హెరొడోటస్‌కు ఈ సంగతి అంత గుప్తంగా కనబడలేదు. మూడు తరగతుల పద్ధతులను, ఖర్చు ఎక్కువ తక్కువలతో సహా, వర్ణించాడు. శవాన్ని నిలవచేయడానికి అతడు వాడిన గ్రీకు క్రియాపదం, చేపకు ఉప్పువేసి నిలవచేయడానికి గ్రీకులు వాడేదే!

కొల్లేటి ప్రాంతపు పాఠకులకు ఈ ఒక్కమాటతో సగం సంగతి బోధపడుతుంది. కైకలూరు పరిసరాల పిల్లవానికి ఎండు చేప కొత్త కాదు. పెద్ద చేపను నిలవచేయవలెనంటే మొదట పొట్ట చీల్చి పేగులు తీసివేస్తారు. తరువాత ఉప్పు పట్టిస్తారు. ఆపైన ఎండబెడతారు. ఈజిప్టువారు చేసినదీ ఇదే వరుస. పేగులలోని సూక్ష్మజీవులే కుళ్ళును మొదలుపెడతాయి గనుక ముందుగా వాటిని తొలగించారు. మెదడును సాధారణంగా ముక్కు గుండా తీసివేశారు. బుద్ధికి స్థానమని నమ్మిన గుండెను మాత్రం సామాన్యంగా దేహంలోనే ఉంచారు.

మన శరీరంలో మూడింట రెండు వంతులకు దగ్గరగా నీరే. నీరు లేనిచోట సూక్ష్మజీవి పెరగదు. ఉప్పు కణాలలోని నీటిని ద్రవాభిసరణం చేత బయటికి లాగుతుంది. ఈజిప్టువారు వాడిన లవణం పేరు నేట్రాన్. కైరోకు వాయవ్యంగా ఉన్న నేట్రూన్ లోయలోని సరస్సులు ఎండినచోట అది దొరికేది. అందులో సోడియం కార్బొనేట్, సోడియం బైకార్బొనేట్ ముఖ్యం. మామూలు ఉప్పు, సోడియం సల్ఫేట్ కూడ కొంత కలిసి ఉంటాయి. మన చౌడు నేలల మీద తెల్లగా పూసే చవుడు దాదాపు ఈ జాతిదే. సబ్బులు రాక పూర్వం బట్టలు ఉతకడానికి ఆ చవుడే ఆధారం. అందులోని క్షారం బట్టకు పట్టిన జిడ్డును విడగొడుతుంది. నేట్రాన్ కూడ నీటిని లాగడమే కాక కొవ్వు మీద పనిచేసి దానిని సబ్బువలె మారుస్తుంది. మామూలు ఉప్పు కంటె నేట్రాన్‌కు ఉన్న ఆధిక్యం ఇక్కడ ఉన్నది.

నేట్రాన్‌ను నీటిలో కరగించి శవాన్ని నానవేశారా, లేక పొడిగానే కప్పారా అని పండితులు చాలాకాలం వాదించారు. ఆల్ఫ్రెడ్ లూకాస్ అనే రసాయనవేత్త 1930ల ప్రాంతంలో పక్షుల కళేబరాలపై ప్రయోగాలు చేసి పొడి పద్ధతి పక్షాన సాక్ష్యం చూపాడు. 1994లో అమెరికాలో బాబ్ బ్రయర్, రొనాల్డ్ వేడ్ అనే ఇద్దరు శాస్త్రజ్ఞులు, శాస్త్ర పరిశోధన కొరకు దానం చేయబడిన ఒక దేహాన్ని వందల కిలోల నేట్రాన్‌లో కప్పి 35 రోజులు ఉంచి మమ్మీగా మార్చారు. ప్రయోగశాలలో తిరిగి చేసి చూపిన పనిని అంతరించిన విద్య అనడం న్యాయమా?

ఈజిప్టువారే మొదటివారన్న మాట కూడ నిలవదు. దక్షిణ అమెరికాలో, నేటి చిలీ, పెరూ దేశాల తీరంలో నివసించిన చించొర్రో జాలరులు సుమారు 7,000 ఏండ్ల క్రిందటనే తమవారి శవాలను మమ్మీలుగా చేశారు. ఈజిప్టులోనే తొలినాళ్ళలో వేడి ఇసుకలో పాతిన దేహాలు ఎవరి ప్రమేయం లేకుండ ఎండి నిలిచాయి.

అసలైన ఆశ్చర్యం వేరొకచోట ఉన్నది. సక్కారాలో బయటపడిన ఒక మమ్మీల కార్ఖానాలోని కుండల అడుగున అంటిన జిగురును విశ్లేషించిన పరిశోధన ఒకటి 2023లో వెలువడినది. అవి క్రీ.పూ. 664 నుండి 525 వరకు ఏలిన 26వ రాజవంశం నాటివి. వాటిలో మధ్యధరా తీరపు దేవదారు, పిస్తా జాతి చెట్ల సరుకులతోపాటు డామర్ కూడ కనబడినది. అది మనము ధూపంలో వేసే గుగ్గిలం చెట్టు కుటుంబానికి చెందిన వృక్షాల జిగురు. ఆసియా ఉష్ణారణ్యాలనుండి అది నైలునది దాకా ప్రయాణం చేసినదన్న మాట. ఇంకొక సంగతి. ఒక కుండ మీది పేరును పండితులు అంతవరకు బోళం అని అనువదిస్తూ వచ్చారు. లోపల చూస్తే దేవదారు వంటి చెట్ల తైలం, కొవ్వు కలిసిన మిశ్రమం ఉన్నది. రసాయనశాస్త్రం నిఘంటువును దిద్దినది! ఇంతటి కథ ఉండగా కల్పిత రహస్యాలతో పని ఏమి?

శాపం సంగతి

మూడవది శాపం. హోవర్డ్ కార్టర్ 1922 నవంబరు 4వ తేదీన టుటాంఖామెన్ సమాధి మెట్లను కనుగొన్నాడు. త్రవ్వకాలకు ధనమిచ్చిన కార్నార్వన్ ప్రభువు 1923 ఏప్రిల్ 5న కైరోలో మరణించాడు. దోమకాటు పుండై, రక్తం విషమించి, న్యుమోనియా వచ్చినది. పత్రికలకు ఇంతకంటె ఏమి కావాలి? సమాధి ద్వారాన శాపం చెక్కి ఉన్నదని కూడ వ్రాశారు. అట్టి శాసనమేదీ అక్కడ లేదు.

ఈ నమ్మికను వెక్కిరించి ఊరుకొనుట తేలిక. ఆస్ట్రేలియా వైద్యుడు మార్క్ నెల్సన్ అట్లు చేయలేదు. శాపం నిజమైతే సమాధిలో ప్రవేశించినవారు ప్రవేశించనివారి కంటె త్వరగా చనిపోవాలి గదా అని లెక్క తీశాడు. ఆనాడు ఈజిప్టులో ఉన్న 44 మంది పాశ్చాత్యుల వివరాలు సేకరించాడు. వారిలో 25 మంది శాపం తగలదగినవారు. ఆ 25 మంది సగటున 70 ఏండ్లు బ్రతికారు. రెండు వర్గాల ఆయుర్దాయాలలో కనబడిన తేడా శాపాన్ని రుజువు చేసేది కాదని గణితం తేల్చినది. ఈ పరిశోధన 2002లో బ్రిటిష్ మెడికల్ జర్నల్‌లో అచ్చయినది. సమాధిలో తొలుత ప్రవేశించినవారిలో ఒకరైన కార్నార్వన్ కుమార్తె ఈవెలిన్ 1980 వరకు జీవించినది. చనిపోయినవారిని మాత్రమే లెక్కపెట్టి, బ్రతికినవారిని మరచిపోతే ఏ శాపమైనా నిజమే అవుతుంది. మన ఊళ్ళలో పిల్లి ఎదురుపడిన శకునానికీ ఆధారం ఈ మరపే.

మోజు చేసిన నష్టం

అజ్ఞానంతో కూడిన మోజు ఏమి చేస్తుందో చరిత్రలో ఉన్నది. మమ్మీ అన్న మాటకు మూలం 'మూమియా' అన్న పారశీక, అరబ్బీ పదం. దాని అర్థం నేలనుండి ఊరే కీలువంటి పదార్థం. అది మందుగా పేరుపడినది. ఈజిప్టు శవాల నల్లని పూత కూడ అదే అని భ్రమపడి, ఐరోపా మందుల అంగళ్ళలో శవాలనే పొడిచేసి శతాబ్దాలపాటు రోగులకు అమ్మారు. 1890లో ఈజిప్టునుండి సుమారు 19 టన్నుల పిల్లి మమ్మీలను ఓడలో లివర్‌పూల్ చేర్చి పొలాలకు ఎరువుగా వేశారు. వాటితోపాటు నేర్చుకోదగినది ఎంత మట్టిలో కలిసినదో!

మమ్మీ అనేది వస్తువు కాదు, ఒక మనిషి దేహం. ఈజిప్టు అధ్యక్షుడు సాదత్ 1980లో కైరో మ్యూజియములోని రాజుల మమ్మీల గదిని మూయించాడు. తరువాత అది తిరిగి తెరవబడినది. 2021 ఏప్రిల్ 3న 22 మంది రాజులు, రాణుల మమ్మీలను కొత్త మ్యూజియముకు రాచమర్యాదలతో ఊరేగించారు. ఆ మర్యాదకు రాజవంశంలో పుట్టి ఉండనక్కరలేదు. హైదరాబాదులో ఉన్నామె రాకుమారి అయినా, కాకపోయినా, అదే మర్యాదకు అర్హురాలు. రాకుమారి అన్న బిరుదు లేకపోతే ఆమెను ఎవరూ చూడరని భయపడి ఆ మాటను వల్లించడం ఆమెకు గౌరవం కాదు.

తరగతిలో చేయదగినది

ఉపాధ్యాయులు ఈ మోజును పాఠంగా మార్చవచ్చును. ఒకే బరువుగల రెండు చిన్న చేపలను తెప్పించి, పొట్ట శుభ్రం చేయించండి. ఒకదానిని వంటసోడా, బట్టల సోడా, ఉప్పు కలిపిన పొడిలో పూర్తిగా కప్పండి. రెండవదానిని ఉత్త ఉప్పులో కప్పండి. రెండు రోజులకు ఒకసారి పొడి దులిపి త్రాసులో తూచి, మరల కొత్త పొడితో కప్పి, రెండు వారాలు బరువుల పట్టిక వ్రాయించండి. బట్టల సోడాను ఉపాధ్యాయుడే, చేతులకు తొడుగులతో, ముట్టుకోవాలి. ఆ చేపను ఎవరూ తినకూడదు. పట్టికను గ్రాఫుగా గీస్తే మొదటి రోజులలో బరువు వేగంగాను, తరువాత నెమ్మదిగాను తగ్గడం కనబడుతుంది. ఏ పొడిలో ఎక్కువ తగ్గినదో, ఎందుకో పిల్లలనే చర్చించనివ్వండి.

హైదరాబాదు యాత్రకు ముందు ప్రతి విద్యార్థి చేత నోటు పుస్తకంలో మూడు గడులు గీయించండి. మొదటి గడిలో ఫలకం మీద గాని, వార్తలో గాని కనబడిన మాట. రెండవ గడిలో దానికి చూపిన ఆధారం. మూడవ గడిలో ఆ ఆధారాన్ని ఏ పరీక్షతో రాబట్టారన్న సంగతి. మమ్మీ పెట్టె ముందు నిలబడి ఆ గడులను నింపమనండి. ఖాళీగా మిగిలిన గడులను చూసి పిల్లవాడు ప్రదర్శనశాల అధికారిని మర్యాదగా ఒక ప్రశ్న అడిగితే, ఆ యాత్ర ఖర్చు పూర్తిగా గిట్టినట్లే.